రాతి రొట్టె

హోర్వెల్‌లో మేమంతా చేతులతోనే మాట్లాడుకుంటాం.
ఊరి నెత్తిన దుమ్ర జలపాతం
పగలూ రాత్రీ కొండను దంచుతూనే ఉంటుంది.
ఇక్కడ గొంతెత్తి అరవడమంటే
వరదలో చెంబెడు నీళ్లు పోయడమే.
పెళ్లి ప్రమాణాలూ బాకీ తగాదాలూ
అన్నీ పది వేళ్ల మీదే.
చిన్న తిట్టుకు చిటికెనవేలు చాలు.

మౌనానికి మాత్రం మా చేతుల్లో గుర్తు లేదు.
చూడని జంతువుకు పేరెవరు పెడతారు?

అయినా పెద్దల సభకు ఓ కోరిక పుట్టింది,
సంత నడుమ నిశ్శబ్దానికో విగ్రహం కావాలని.
పని ఇస్కెత్‌కు అప్పగించారు.
రాయి మోసింది నేనూ నా గాడిదా.
పదకొండు మలుపులు, నాలుగు రోజులు,
కూలిలో మూడు రాగి బిళ్లలు ఇప్పటికీ బాకీ.

రాయి దిగాక ఆమె ఉలి పట్టలేదు.
ముసలివాళ్లను వెతుక్కుంటూ గడప గడపా తిరిగింది.
ఎందుకంటే ఒకే ఒక్కసారి,
మా అమ్మ కడుపులో నేనున్న చలికాలం,
దుమ్ర గడ్డకట్టింది.
కుండెడు బార్లీ ఉడికేంత సేపు
ఊరి మీద ఏమీ పడలేదు.

నిద్రపోతున్న పసిపిల్లలంతా
ఒక్కసారిగా లేచి గుక్కపెట్టారట,
పక్కలోంచి తల్లిని ఎవరో లాగేసినట్టు.
ఆ ఏడుపు వినడం తల్లులకు అదే మొదలు.
అంతవరకూ
తెరిచిన నోరు చూసి పాలిచ్చారు.

గనిలో పనిచేసిన బ్రూదన్ చేతులు వణికాయి:
"నా రొమ్ములో ఎవరో తలుపు బాదుతున్నారని
పరుగెత్తాను. ఎంత దూరం పోతే
అంత గట్టిగా బాదారు."

చేపలమ్మే తర్వి అటూ ఇటూ చూసి చెప్పింది:
"మూడిళ్ల అవతల నా మొగుడు
నోటితో ఏదో అన్నాడు, మెత్తగా.
నా పేరు పలికితే ఎలా ఉంటుందో
నాకేం తెలుసు?
అది నా పేరే అనుకుని బతికేశాను."

రొట్టెలు కాల్చే ఓల్బెన్
చాలాసేపు చేతులు కదపలేదు.
పిండి తుడుచుకుని, గోటితో గోటిని మీటాడు.
పొయ్యిలోంచి అప్పుడే తీసిన రొట్టె
చల్లారుతూ పెంకు చిట్లిందట,
చిట్, చిట్, చిటుక్కుమని.
అన్నేళ్లూ ప్రతి రొట్టే
తనతో ఏదో చెబుతూనే ఉందని
అప్పుడు తెలిసిందట.
"ఇప్పుడు ఏ రొట్టె కోసినా
ఎవరి మాటో మధ్యలో తుంచినట్టుంటుంది."

ఇస్కెత్ ఆ రాత్రే ఉలి తీసింది.

ముసుగు తొలగించిన రోజు
సంతంతా చప్పట్లు మరిచి నవ్వింది.
పెదవిపై వేలుంచుకున్న దేవత కోసం వచ్చినవాళ్లకు
బండి చక్రమంత రాతి రొట్టె కనబడింది.
పైనంతా సన్నని పగుళ్లు.
దానికి చెవి ఆనించి వంగిన లావుపాటి మనిషి,
చేతులు రెండూ వీపు వెనక.
మా ఊళ్లో అలా చేతులు దాచుకునేది
దొంగలే.

"మౌనం అడిగితే ఫలహారం పెట్టావేం?"
అని సభాపెద్ద వేళ్లు విదిలించాడు.
ఇస్కెత్ జవాబివ్వలేదు.
ఆమె చేతులూ అప్పటికే వీపు వెనకకు చేరాయి.

ఇరవై ఏళ్లయింది.
తుంపరకు రొట్టెకి నాచు పట్టింది.
పిల్లలు ఎక్కి జారుతుంటారు.
ఓల్బెన్ పోయిన మర్నాడు
ఎవరో దాని మీద వెన్నముద్ద ఉంచారు.

నేనటు వెళ్లినప్పుడు
ఎవరూ చూడకుండా చెవి ఆనిస్తాను.
రాయిలోంచి కూడా దుమ్రే.
గాడిద మాత్రం, ఆనాటి దానికి మనవరాలు,
అక్కడ ఆగి చెవులు రిక్కిస్తుంది.
కర్ర చూపించినా కదలదు.
దానికేమైనా వినిపిస్తుందో,
పాత వెన్న వాసనో.

నాకు రావలసిన మూడు రాగి బిళ్లలు కూడా
అక్కడే గుర్తొస్తాయి.