ఎనిమిదో పాయ పుస్తకం

ఏడు పాయలకి ఏడుగురు ఋషులు దొరికారు.
ఎనిమిదోది ఎవరి పేరూ పెట్టుకోకుండా
లంకల చాటున, కొబ్బరిమట్టల నీడన
సముద్రం దాకా నడిచిపోయింది.
రాసిపెట్టే మనిషి లేని నీరు
తన కథ తానే రాయించుకుంది,
పురుగుల చేత.

నాకెలా తెలుసంటారా?
నేను దారపుండల మనిషినండి.
సైకిలు మీద సంచీ, చెవిసందున పెన్సిలు,
నర్సాపురం రేవు దాటి లంకలంకకీ తిరిగి
ఇంటింటికీ ఉండలిచ్చి, అల్లిన లేసు కొలుచుకుని
జానకింత అని చేతిలో పెట్టేవాణ్ణి.
నా జాన కొంచెం పొడుగు.
అదీ చెప్పాలి.

ఆ ఏడు వరదకి గట్టు కోసుకుపోయి
గువ్వలలంక అంచున ఒక బాన బయటపడింది.
మూతికి లక్క. లోపల తాటాకుల కట్ట,
ఇన్నేళ్ల నీళ్లలోనూ చెమ్మ తగల్లేదు.
శిష్ట్లా మేష్టారు భూతద్దం పెట్టి
పొద్దుగూకే దాకా చూశారు.
"గంటం గీత ఒక్కటి లేదు, అంతా పురుగు తినేసింది.
గోదాట్లో కలిపెయ్యండి."

పేరంటాలత్త మాత్రం ఒక ఆకు తీసి
లాంతరుకి అడ్డం పెట్టింది.
ఎదరగోడ నిండా వెలుగు చుక్కలు.
పెదాలు కదుపుతూ లెక్కపెట్టింది:
మూడు గొలుసులు, ఒక ఖాళీ,
ఐదు గొలుసులు, రెండు ఖాళీలు,
తిరగేస్తే మళ్లీ అదే వరస.
"తినడం కాదురా ఇది, అల్లిక.
మీకు చదవడం రాదు. ఉండ ఇటు పడెయ్."

మార్గశిరంలో మొదలెట్టింది.
మొదటి ఆకుకి మూడు రాత్రులు పట్టింది.
అల్లడం అయిన ఆకు అయినట్టే
ఒళ్లోనే పొడై రాలిపోయింది.
నాలుగోనాడు తెల్లారగట్ల, మంచులో,
నది మధ్య కోడి కూసింది.
నీళ్లే కదా అక్కడ!
మంచు విడేలోగా చూశాం:
మా తాతల నాడు కోతకి పోయిన లంక,
పొగాకు మడి, దడి మీద ఆరేసిన పంచె,
ఎవరో ఆడమనిషి బిందె ముంచుతూ ఆగి
మావైపు జాలిగా చూసింది,
పోయింది మేమైనట్టు.

ఆకుకో లంక.
నది మింగినవన్నీ నది దగ్గరే భద్రం,
పాకలు పేరుపేరునా, దూడలు రంగురంగునా,
ఎవరింట్లో ఆ పూట ఏం ఉడుకుతోందో అది కూడా.
ఎనిమిదో పాయ దొంగ కాదు.
అడిగేవాళ్లు లేక దాచిపెట్టుకుంది, అంతే.

పేరంటాలత్త కూలి అడగలేదు.
నేనూ ఇవ్వలేదు.
పదకొండో ముక్క చేతికి తీసుకుంటే
వేలి మీంచి అలలా జారింది.
అలాంటి పని నా ఎరుకలో లేదు.
షావుకారు మూడింతలిస్తాడని లోపల ఎవడో అన్నాడు.
బల్లగుడ్డల మధ్య మడతపెట్టి
బేలులో వేసేశాను.
ఓడెక్కింది.

అత్త వెతికింది, అడిగింది.
ఎలకలేమో అన్నాను.
ఆవిడ నా మొహం చూడలేదు, నా చెయ్యి చూసింది,
బొటనవేలి నుంచి చిటికెనవేలి దాకా, నిదానంగా.
మిగిలిన ఆకులు బానలో సర్ది, సూది కూడా అందులో వేసి
లక్క కరిగించి మూతి మూసేసింది.
పదకొండో లంక ఆవిడ పుట్టిల్లని
బాన మళ్లీ ఏట్లో దించేటప్పుడు
పడవవాడు కన్నారావు చెప్పాడు.

ఇప్పుడు ఏ దేశంలోనో ఏ బల్ల మీదో
పూలకుండీ కింద ఒక లంక పరిచి ఉంటుంది.
తెల్లారకముందే ఆ ఇంట్లో కోడి కూస్తుంది,
లేచి వెతికితే ఏమీ ఉండదు.
కప్పు ఎత్తినప్పుడు అడుగున కాస్త ఒండ్రు.
తుడుచుకుంటారు.
మర్నాడు మళ్లీ ఉంటుంది.

నా వేళ్లు వంగిపోయాయండి,
జాన పొట్టిదైపోయింది.
వరద తీసిన రోజుల్లో రేవు మెట్టు మీద కూచుని
కనబడే లంకల్ని జానతో కొలుస్తుంటాను.
ఎటునుంచి కొలిచినా
ఒకటి తగ్గుతోంది.