రెండో భాగంలో శవం

ముందే చెబుతున్నాను, నికనోర్ నాకు నాలుగు వందల పెసెతాలు బాకీ.
డామినో ఆటలో ఓడి. అవి తీర్చకుండానే
టీవీలో చచ్చిపోయాడు, మొదటిసారి.

అవిలేస్ రేవుకి షూటింగ్ వాళ్లొచ్చిన వారమంతా ఒకటే వాన.
పోలీసుల సీరియల్. నవ్విస్తుందట, నవ్వించి ఏడిపిస్తుందట.
మొదటి భాగం మాడ్రిడ్‌లోనే తీసేశారు,
రెండోదానికి సముద్రం కావాల్సి వచ్చింది, ఒక శవం కూడా.
చేపల వేలంశాలలో, హేక్ పెట్టెల నడుమ, మంచు మీద
నాలుగు గంటలు. ఆరు వేల పెసెతాలు, ఒక ఆమ్లెట్ రొట్టె.
"చచ్చినట్టు పడుకో, చాలు" అన్నాడు దర్శకుడు.
నికనోర్ చచ్చినట్టు ఒప్పుకున్నాడు.
ఉక్కు కొలిమి చల్లారాక అతనికి దొరికిన మొదటి కూలి అది.

ఆ మంగళవారం రాత్రి
సెవెరీనో బార్‌లో నిలబడ్డానికి చోటు లేదు.
సైడర్ సీసా తలమీదికెత్తి గ్లాసులోకి వంచుతూ
కళ్లు తెరకి అప్పగించిన సెవెరీనో
సగం తన బూట్లకి పోశాడు.
తెరమీద ఇన్‌స్పెక్టర్ బెర్తా సొలీస్, చేపల కంపు పడని మనిషి,
ఆధారానికొక తుమ్ము.
ఆమె వెనకాల కానిస్టేబుల్ కిరోస్
శవాన్ని వదిలేసి చేపల్ని లెక్కరాసుకుంటున్నాడు:
"సాక్షులు నూట పద్నాలుగు. అందరూ నోళ్లు తెరిచే ఉన్నారు,
ఒక్కరూ మాట్లాడలేదు."

మేం బల్లలు గుద్ది నవ్వుతుంటే
నికనోర్ అక్క ఎతెల్వీనా కేకేసింది
"ఒరే, వీడి పొట్ట చూడండి!"
కోటు బొత్తం ఒకటి పైకి లేచింది.
దిగింది.
మళ్లీ లేచింది.
"శవానివి, ఊపిరి తీస్తావేంట్రా!"
నికనోర్ గ్లాసులోంచి తలెత్తలేదు.
"ఆ మంచు మీద నువ్వు పడుకుని ఉంటే
నిజంగానే చచ్చేదానివి" అన్నాడు.

ఆ తర్వాతి సీను ఎవర్నడిగినా గుర్తులేదంటారు.
నాకు గుర్తుంది.
మూడో అంతస్తు. పోయినవాడి భార్య తలుపు తీస్తుంది.
పొయ్యి మీద చిక్కుడుగింజలు ఉడుకుతుంటాయి.
"మా ఆయన కూడా వస్తున్నాడా, ఇంకో కంచం పెట్టనా?"
తుమ్ములావిడకి తుమ్ము రాదు. మాటా రాదు.
వంటింట్లో కుళాయి కారుతుంటుంది.
"పానా ఉందా?" అంటుంది ఇన్‌స్పెక్టర్.
చొక్కా చేతులు మడిచి, తొట్టి కిందికి దూరి
బిగిస్తుంది, విప్పుతుంది, మళ్లీ బిగిస్తుంది.
భార్య మెల్లగా వెళ్లి పొయ్యి కట్టేస్తుంది.
బార్‌లో ఒకడు "ప్లంబర్ పోలీసు" అని నవ్వబోయి
సగంలో మానేశాడు.

పద్నాలుగేళ్ల తర్వాత ఒక ఫిబ్రవరి పొద్దున
రేవు గట్టున, గాలం కర్ర చేతిలో ఉండగానే
నికనోర్ రెండోసారి పోయాడు.
బొత్తం వైపు చాలాసేపు చూశాను.

ఎతెల్వీనాకి చెప్పే పని నామీద పడింది.
తలుపు తీసింది. చేతులకి పిండి.
ఆమె భుజం మీదుగా వంటింట్లోకి చూశాను,
కుళాయి వైపు.
ఒక్క చుక్క కారితే ఒట్టు, పాడు కుళాయి.
గోడ గడియారం నడుస్తోంది. కిటికీ గడియ సరిగ్గానే పడుతోంది.
బాగుచెయ్యడానికి ఆ ఇంట్లో ఏమీ లేదు.
అయినా అడిగాను
"నీ దగ్గర పానా ఉందా?"
ఎతెల్వీనా ఆ భాగం చూసిన మనిషే కదా.
చేతులు తుడుచుకోకుండానే
కుర్చీ లాక్కుని కూర్చుంది.

ఇప్పుడు మధ్యాహ్నాలు పాతవన్నీ మళ్లీ వేస్తున్నారు.
రెండోది పడిన రోజు సెవెరీనో కొడుకు కబురు పెడతాడు.
పెసెతాలు చెల్లడం మానేసి చాలాకాలమైంది,
నా బాకీ ఏ డబ్బులో రాసుకోవాలో ఎవరూ చెప్పరు.
ఇరవై రెండో నిమిషం. మంచు. చేపలు. ఒక తుమ్ము.
ఎతెల్వీనా కళ్లజోడు పైకి తోసుకుని
"ఆఁ, ఇప్పుడు" అంటుంది.

బొత్తం లేస్తుంది.