కార్జం బాగుంది

అప్పటికి నాకు తొమ్మిదేళ్ళు.
మా ఇంట్లో ఇంగ్లీషు వచ్చినవాళ్ళలో అందరికంటే పెద్దదాన్ని.
కరెంటు బిల్లు చదివేదీ నేనే,
వాసా ఊరి మంచులో
నాయనమ్మని ఆస్పత్రికి నడిపించిందీ నేనే.
చర్చివాళ్ళిచ్చిన మగవాళ్ళ బూట్లు
ఆమె కాళ్ళకి టపటపలాడుతున్నాయి.
పేరు బ్లియా థావ్.
"బిల్లీ" అని పిలిచారు. లేచాం.

ఎక్కడ నొప్పి, అడిగాడు డాక్టర్ హాల్వర్సన్.
పక్కటెముకల కింద అరచెయ్యి ఆనించి
నాయనమ్మ చెప్పింది:
"కార్జం పడిపోయింది.
మెకాంగ్ దాటిన రాత్రి పడింది. ఇంకా పైకి రాలేదు."

మా భాషలో అన్నీ అక్కడే కాపురముంటాయి.
ఓర్పున్నవాడిది పొడుగు కార్జం,
ముక్కోపిది పొట్టిది,
జాలి లేనివాడిది నల్లటిది.
దిగులుకి కార్జం బరువెక్కుతుంది.
అయినవాళ్ళు మాటంటే తెగుతుంది, తాడులా.
ఇదంతా నాకు తెలుసు.
తెలుసని మాత్రం తెలియదు.
నా దగ్గరున్న ఇంగ్లీషు మాట ఒక్కటే, లివర్.
స్కూలు పుస్తకంలో దానికి గోధుమరంగు వేశాను,
గీత దాటకుండా.

"లివర్ పడిపోయిందట," అన్నాను.
"పడటమంటే? దెబ్బ తగిలిందా?"
"నదిలో."
ఆయన రాసుకున్నాడు.

ఏడు గొట్టాల నెత్తురు తీశారు.
నాయనమ్మ వేళ్ళు మడిచి లెక్కపెట్టింది.
"ఈ వయసులో మళ్ళీ ఊరుతుందా?
చూశాక తిరిగిస్తారేమో అడుగు."
అడగలేదు. సిగ్గేసింది.
ఆమె మణికట్టు మీద తెల్లదారాలు,
జడుసుకుని పారిపోయిన ప్రాణాల్ని
పేరుపెట్టి పిలిచి కట్టినవి.
నర్సు కత్తెర తీసింది, శుభ్రం కోసం.
మంచి మనిషే,
ముందుగా నాకో లాలీపాప్ ఇచ్చింది.
నోటినిండా ద్రాక్ష తీపి.
వద్దనడానికి నోరు ఖాళీ లేదు.

పదిరోజులకి రిపోర్టు.
శుభవార్త మోస్తున్నవాడి నడకతో వచ్చాడు డాక్టరు.
"మీ నాయనమ్మకి చెప్పు, లివర్ చాలా బాగుంది."
ఉన్నదున్నట్టు చెప్పాను:
"నీ కార్జం చాలా బాగుందట."

మా మాటల్లో దానికర్థం
నువ్వు చాలా సంతోషంగా ఉన్నావని.

ఆమె ఆయన్ని చూసింది.
ఇద్దరు కొడుకుల్ని నీళ్ళకి వదిలిన మనిషి.
"ఏడు గొట్టాలూ చూసి చెప్పాడా ఈ మాట?"
తలూపాను.

బస్సులో ఇంటిదాకా నోరు విప్పలేదు.
ఆ తర్వాత ఎవరేమడిగినా ఒకటే జవాబు,
"నాకేం, సంతోషంగా ఉన్నాను. కాగితం కూడా ఉంది."
ఆ కాగితం బియ్యం డబ్బా కింద దాచుకుంది.
మూడో శీతాకాలం పోయింది.
కారణం రాసే గడిలో ఏదో పొడుగాటి మాట.
లివర్ అని లేదు.

ఇప్పుడు అదే ఆస్పత్రిలో దుబాసీని.
కార్జం అన్న మాట వచ్చినప్పుడల్లా
కాసేపు ఆగుతాను.
డాక్టర్లు గడియారం చూస్తారు.
చూడనీ.

పోయిన ఆగస్టు, శనివారం సంత,
మా చిన్నమ్మ కూరగాయల బల్ల.
హాల్వర్సన్ వచ్చాడు, చేతికర్రతో.
ఎప్పుడూ ఇద్దరికి సరిపడా కొనేవాడు.
ఈసారి ఒక్క కొత్తిమీర కట్ట.
చిన్నమ్మకి వచ్చిన ఇంగ్లీషు నాలుగు ముక్కలు.
అందులోంచి వెతుక్కుని అడిగింది,
"మీ లివర్ బాగుందా?"

"మొన్నే పరీక్ష చేయించాను," అన్నాడు, "అంతా నార్మల్."
చిల్లర లెక్కపెట్టాడు.
మళ్ళీ లెక్కపెట్టాడు.
కొత్తిమీర వేళ్ళ నుంచి నీళ్ళు
బూటు మీద కారుతున్నాయి.
వెనక వరస పెరుగుతోంది.

"లేదు," అన్నాడు.

చిన్నమ్మ దోసెడు పచ్చిమిరపకాయలు
ఆయన సంచిలో పోసి
డబ్బొద్దని చెయ్యూపింది.
ఆయనకి కారం పడదు.
తీసుకున్నాడు.