నలభై ఒకటో నిమిషం

చిలోయె దీవిలో వాన వెలిశాక మొదలుపెడదామనుకుంటే
ఏ పనీ మొదలుకాదు.
అందుకే ఈ టేపు వానతోనే మొదలవుతుంది.
రేకుల మీద వాన, పొయ్యిలో తడికట్టె చిటపట,
తర్వాత మా అమ్మమ్మ ఎదెల్మీరా దగ్గు.

"పేరు చెప్పు అమ్మమ్మా."
"నా పేరు నీకు తెలీదా?"
"నాక్కాదు, ఇక ముందు పుట్టేవాళ్ళకి."
"పుట్టాక వచ్చి అడగమను, చెప్తాను."

నేను పాఠాలు చెప్పే బడి నుంచి అరువు తెచ్చిన రికార్డరు,
శుక్రవారంలోగా తిరిగిచ్చెయ్యాలి.
నోటుబుక్కులో పదిహేడు ప్రశ్నలు, వరస నంబర్లతో.
ఆవిడ ఒక్కదానికీ వరసలో జవాబివ్వలేదు.

ఎప్పుడు పుట్టావంటే
దుంపలకి నల్లతెగులు పట్టిన ఏడంది.
పెళ్ళెప్పుడంటే
మా అత్త పిల్లిగోరు విత్తనం నా ఒళ్ళో పోసిన నెల అంది.
పిల్లిగోరు ఒక బంగాళాదుంప.
ఆవిడకి సంవత్సరాలన్నీ దుంపల పేర్లే.
నేను పక్కన పెన్సిలుతో అంకెలు వేసుకుంటూ పోయాను,
సగం తప్పులు.

ఇల్లు నడిచిన సంగతి మాత్రం కుదురుగా చెప్పింది.
భూమి కంపించి సముద్రం వాకిట్లోకి వచ్చి వెళ్ళాక
తాత ఇంటిని మిట్ట మీదికి మార్చాడు.
సామాన్లని కాదు, ఇంటినే.
కింద దుంగలు దూర్చి, ఎనిమిది జతల ఎడ్లు కట్టి,
ఊరంతా గొంతు చించుకుంటుంటే
పచ్చిక మీద పడవలా ఊగుతూ పోయిందట ఇల్లు.
"మరి నువ్వెక్కడున్నావు?"
"లోపలే. పొయ్యి మీద చేపలున్నాయి కదా."

ఇక్కడ టేపులో ఒక నవ్వు. నాదే. ఆవిడ నవ్వలేదు.
తర్వాత పక్కింటి ఓతీలియా, ఈస్టు ఉందా అని.
తర్వాత కోడి.
ఎత్తిరాసేటప్పుడు ఇవన్నీ తీసేశాను.
తీసేస్తే అమ్మమ్మ మాటలు
ఖాళీ గోడకి కొట్టిన మేకుల్లా మిగిలాయి.
కోడిని మళ్ళీ తెచ్చి పెట్టాను.

తలుపు చెక్క మీద పిల్లల ఎత్తులు గీసిన గీతలున్నాయి.
ఇంటితో పాటు అవీ మిట్టెక్కాయి.
అమ్మది, మావయ్యలవి, పక్కన పేర్లతో.
పిల్లలు నలుగురు, గీతలు అయిదు.
అన్నిటికన్నా కిందిది, నా మోకాలికి కాస్త పైన,
దానికి పేరు లేదు.

"ఇదెవరిది?"
ఆ పదిహేడింటిలో లేని ప్రశ్న.

చాలాసేపు వాన.
తర్వాత మెల్లగా, "అది ఆపు."
టక్.

అదీ నలభై ఒకటో నిమిషం.
మళ్ళీ టక్కుమన్నాక దుంపలు తరుగుతున్న చప్పుడు,
"ఉప్పందుకో," అంటుంది, మామూలు గొంతుతో.
ఆ రెండు టక్కుల నడుమ
పొయ్యిలో రెండు పెద్ద మొద్దులు కాలిపోయాయి.
దీపం పెట్టాలని ఇద్దరికీ తోచలేదు.
ఆవిడ నా మణికట్టు వదల్లేదు.

ఆవిడ పోయి పదకొండేళ్ళు.
ఇవాళ నా కూతురు నాయరా టేపు వింటూ
ఆ చోట మొహం చిట్లించింది.
"ఇక్కడ పాడైపోయింది."
"పాడవలేదు."
"మరి?"

చెప్పిందీ నాకే, ఆపమందీ నాకే.
రెండూ ఆవిడ మాటలే.
వీటిలో దేన్ని దాటాలో నాకింకా తేలలేదు.
ఎత్తిరాసిన కాయితాల్లో ఆ చోట
రెండు మొద్దులు కాలేంత తెలుపు వదిలాను.

నాయరా ఆ తెలుపు మీద వేలు పెట్టి కాసేపు చూసింది,
చదువుతున్నట్టు.
ఇంకేమీ అడగలేదు.
లేచి వెళ్ళి తలుపు చెక్కకి వీపానించి,
నెత్తిన లెక్కల పుస్తకం పెట్టుకుని పిలిచింది:
"పెన్సిలు పట్రా.
పేరు కూడా రాయాలి, మర్చిపోకు."