జెరాక్సులో పడని ముద్ర

వాలాజా రోడ్డు వైపు కిటికీ, నాలుగో బల్ల నాది.
ఫ్యాను తిరిగితే కాగితాలు లేస్తాయి,
ఆగితే నేను లేస్తాను.
ఇరవై తొమ్మిదేళ్లుగా
ఇది దానికి సమానమా కాదా అని
పైకి రాసి పంపడమే నా పని.

ఈమని వకుళ ఫైలు
ఊరంతా ఆడి తగ్గింపు బోర్డులు వేలాడే రోజుల్లో వచ్చింది.
అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టు, భూగర్భ శాస్త్రం.
డాక్టరేట్ బర్నోలో.
అదెక్కడ సార్ అని అటెండర్ మునిరత్నం అడిగితే
గోడ మీది పటంలో ఇద్దరం వెతికాం.
మా పటంలో ఆ దేశం ఇంకా విడిపోలేదు.

ఎన్నేళ్ల చదువు? నాలుగున్నర.
ఫారంలో అరకి చోటు లేదు.
ఏ శ్రేణి? ఆవిడ అడ్డగీత గీసింది.
అక్కడ శ్రేణులుండవట,
నిలబడి, అడిగినవాళ్లందరికీ జవాబు చెప్పి దిగిరావడమే.
మా సెక్షన్ ఆఫీసర్ దేవసహాయం గారికి
అడ్డగీత అంటే దాపరికం.

అన్నిటికన్నా పెద్ద చిక్కు ముద్ర.
సిరా లేదు దానికి.
తెల్ల కాగితం మీద తెల్లగా ఉబ్బి ఉంది.
వేలికి తగులుతుంది,
కంటికి సగం,
జెరాక్సుకి అసలే లేదు.
"నకలుపై ముద్ర కనబడుటలేదు" అని
మెమో నేనే టైపు చేశాను.

దొంగ పట్టాలు చూడనివాణ్ని కాను.
బంగారు అంచు, మూడు రంగుల ముద్ర,
ఒక్క అచ్చుతప్పు ఉండదు.
జెరాక్సులో ఎంత బాగా పడతాయో!

మూడోసారి వచ్చినప్పుడు
అసలు పట్టా నా ముందు పెట్టి,
బల్ల మీద పేరు చదివి తెలుగులో అడిగింది:
"మీరు నమ్మట్లేదాండీ?"
"నా నమ్మకానికి కాలమ్ లేదమ్మా" అన్నాను.
ఆ మాటకి రాత్రి నిద్ర పట్టలేదని చెబితే బాగుంటుంది.
పట్టింది.
రెండు గంటలకి మెలకువ వచ్చింది.

మర్నాడు పేజీల సంఖ్య రాయడానికి
సిద్ధాంత గ్రంథం తెరిచాను.
మూడువందల పన్నెండు. అక్కడితో మూసెయ్యాలి.
మూయలేదు.
బకింగ్‌హామ్ కాలువ అడుగు బురద ఆవిడ చదువు.
రోజూ నేను ముక్కు మూసుకుని దాటే కాలువ.
బేసిన్ బ్రిడ్జి దగ్గర గొట్టం దించి
రెండు మీటర్ల బురద పైకి తీసి
బెత్తెడు బెత్తెడు కోసి
ఏ పొర ఏ కాలమో రాసింది.
పైన ప్లాస్టిక్కు. దాని కింద బొగ్గు నుసి.
ఇంకా కింద, వేలెడు మందాన,
తెల్లగా, గుల్ల పొడి.

గుల్ల ఎవరు తెచ్చారో ఆవిడ రాయలేదు.
నేను చెప్పగలను.
దుగరాజపట్నం నుంచి సున్నపు గుల్ల పడవకి
తాడు భుజానేసుకుని గట్టు వెంట నడిచినవాడు మా తాత.
ఆయనది ఇంట్లో మిగిలిందల్లా
ఒక ప్రోనోటు మీద వేలిముద్ర.

అందరూ భోజనానికి లేచాక
పట్టా మీద నకలు పరిచి
చిన్నప్పుడు పావలా బిళ్ల మీద రుద్దినట్టు
పెన్సిల్ పడుకోబెట్టి రుద్దాను.
మెల్లగా వచ్చింది
బూడిదరంగులో ఒక గోపురం,
చుట్టూ నాకు చదవడం రాని అక్షరాలు.
పక్కన రాశాను: తడిమి చూశాను, ఉన్నది.
సంతకం. తేదీ.

పదకొండు రోజులకి ఫైలు తిరిగొచ్చింది.
"పెన్సిల్ గుర్తులు చెరిపి తిరిగి సమర్పించవలెను."

ఆవిడ ఇప్పుడు మూడో అంతస్తులో
గంటకింత చొప్పున గెస్టు పాఠం చెబుతోంది.
గంటల లెక్కకి సమానత్వ పత్రం ఎవరూ అడగరు.
ఆ బిల్లూ నా బల్ల మీదకే వస్తుంది.

సొరుగులో రబ్బరు ఉంది.
మునిరత్నం రెండుసార్లు అడిగాడు.
కనబడుటలేదన్నాను.