ఇరవై మూడో రోజు

సజ్జ అంటే మా దిక్కు గింజ.
ఇక్కడ సజ్జా అంటే షార్జా పక్కన ఇసుకల ఒక క్యాంపు.
దాంట్ల పద్నాలుగో నంబరు రూము మాది:
ఎనిమిది మంచాలు, ఎనిమిది నల్ల లుంగీలు,
తలుపుకు పసుపు రాసిన అట్టముక్క మీద
చెప్పులు బయట.

మాల పడ్డనాటి నుంచి పేర్లు లేవు.
స్వామీ అంటే ఎనిమిది మందిమి పలుకుతం.
నేను కన్నెస్వామిని, ఇరవై ఒకటి నడుస్తున్నది.
నా పైమంచం గురుస్వామిది.
పదిహేడేండ్లు ఇక్కడ్నే ఏసి ఇక్కడ్నే తీసిండు,
సెలవు దొరకక.
ఈసారి టికెట్ కాగితం
దేవుని పటం ఎనుక దాచిండు.

ఇరుముడి కట్టుడు చూపిస్తూ ఓ రాత్రి చెప్పిండు:
"నెయ్యి పానం, చిప్ప పెయ్యి.
కొండ మీద నెయ్యి దేవునికి, చిప్ప అగ్గికి.
గంతే స్వామీ, ఎక్కువ సోంచాయించకు."
నేను ఊకొట్టిన. నాకప్పుడు ఆకలి మీదున్నది.

నాలుగింటికి లేపేది ఆయనే.
ఆ దినం ఎవరూ లేపలేదు.
కంపెనీ బస్సు హారన్‌కు కండ్లు తెరిస్తే
మంచం అంచు దాటి ఒక చెయ్యి
నా మొకం మీదికి ఏలాడుతున్నది.
ఏలికి రాత్రి నూరిన గంధం.

శవాన్ని చూస్తే మైల, మాలున్నోడు పోవద్దన్నరు.
ఒకలు ఊళ్లె అయ్యగారికి ఫోన్ చేస్తే
సగం మాటల లైను తెగింది.
నాలుగు అరబీ ముక్కలు నాకే వచ్చు.
పాసుపోర్టు పట్టుకొని పోయిన.

సొరుగు గుంజినోడు మలయాళీ పిల్లగాడు, నా ఈడోడే.
ఈ ఎండల దేశంల అంత చలి దాచిపెట్టిండ్రని
నాకు తెల్వది.
మాల మెడలనే ఉన్నది.
పేరేందన్నడు.
స్వామి అన్న.
పెన్ను ఆపి నా దిక్కు చూసిండు.
పాసుపోర్టు తెరిచి కూడబలుక్కున్న:
కొంకటి గంగనర్సు.
అంత బరువు పేరున్న మనిషి
రోజూ మంచం కిర్రుమనకుంట ఎక్కేటోడు.

తిరిగొస్తే గడప బయట బకెట్ పెట్టిండ్రు.
ఎవరూ ఏమనలేదు.
లోపల శరణుఘోష, ఆరు గొంతులే.
నీళ్లు కుమ్మరించుకుంటే పండ్లు టకటక కొట్టుకున్నయి.
ఆ చలి ఏరు, ఈ చలి ఏరు.
ఇది వణికిస్తది.

తీగ మీద ఆయన లుంగీ ఎప్పుడో ఆరింది.
ఇసుక దులిపి మడత పెట్టిన.
ఇయ్యాల లెక్కల పడ్తదా, మల్ల ఒకటి నుంచి మొదలా,
అడుగుదామంటే గురుస్వామి లేడు.

లోపల్నుంచి ఎవరో "స్వామీ" అన్నరు.
ఏ స్వామినో తెల్వక
లుంగీ పట్టుకొని అట్లనే నిలబడ్డ.