రెండు కిలోమీటర్ల గీత

మే నెల, ఆనేకల్ రేంజి, ఏనుగుల లెక్క.
వారమంతా జయనగరలో జీఎస్టీ లెక్కలు చూసే నేను
ఇవాళ లద్దె కుప్పలు లెక్కపెట్టాలి.
దిక్సూచి చూపిన గీత మీద, రెండు కిలోమీటర్లు,
ముళ్లపొద అడ్డొచ్చినా పక్కకి తప్పుకోకుండా.

ముందు వాచర్ మునియెల్లప్ప.
కొడవలి పట్టిన చెయ్యి తప్ప
మనిషిలో ఏదీ తొందరపడదు.
"నోరు మూసి నడవండమ్మా,
నోట్లోనుంచే నీళ్లు పోయేది."

మొదటి గంట
తొడలు పాత బాకీల్లా లేచాయి.
గుండె ఛాతీ వదిలి చెవుల్లోకి మకాం మార్చింది.
పదింటికి నా చొక్కా వీపున ఉప్పు చారలు,
ఊరగాయ జాడీ మూతికి పేరుకున్నట్టు.
అతని ఖాకీ మీద ఒక్క గీత లేదు.
ముప్ఫై ఏళ్ల ఎండ అతని చెమటకి
పొదుపు నేర్పింది కాబోలు.
సీసాలోంచి రాగి అంబలి పోశాడు,
ఉల్లిపాయ ముక్క పంటికింద చల్లగా.

తర్వాత ఎప్పుడో, ఏ మీటరు దగ్గరో రాసుకోలేదు,
ఒళ్లు నన్ను అడగడం మానేసింది.
కన్ను చూడకముందే మడమ రాయిని తప్పించుకుంది.
ఊపిరి అడుగుల్ని వెతుక్కుంటూ వచ్చి
నాలుగడుగులకొకటి చొప్పున కుదురుకుంది.
అప్పుడు కనిపించింది లద్దె.
అతను వేళ్లు గుచ్చి అన్నాడు: "వేడిగుంది."
భయం అనే మాట నాకింకా తట్టనేలేదు,
అప్పటికే చేతుల మీద రోమాలు లేచి నిలబడ్డాయి,
ఆకలి ఆగిపోయింది,
వెదుర్లో విరిగిన ఒక్క పుల్ల
ఇంత పెద్దగా వినబడింది.

తొమ్మిదో కుప్ప అని రాశాను. చెయ్యి వణకలేదు.
రెండు రోజులు మెట్లు దిగలేకపోయాను గానీ, అది వేరే.

జులైలో అతనే ఫోన్ చేశాడు. కుడి మోకాలు.
ఆస్పత్రి గచ్చు మీద అతని పాదాలు
పట్టు దొరక్క గోడ వెతుక్కున్నాయి.
ఎక్స్‌రే వెలుగులో డాక్టరు చూపించాడు:
రెండు ఎముకల మధ్య ఉండాల్సిన సందు
ఖర్చైపోయింది.
"రోజుకి ఎంత నడుస్తావు?"
"ఏనుగు నడిచినంత సార్."
డాక్టరు ఆ గడిలో ఏం రాసుకున్నాడో.

లిఫ్టులో, నాలుగో అంతస్తు నుంచి దిగుతుంటే
మొదటిసారి చూశాను,
మునియెల్లప్ప నోరు తెరిచి గాలి పీల్చడం.
నా నీళ్ల సీసా ఇచ్చాను.
ఎత్తి, వెలుతురుకి పెట్టి, ఎంతుందో చూసుకున్నాడు.
సగం తాగి మూత బిగించాడు.
"తిరిగిపోయేదానికి కావాల కదమ్మా."